కొంగున కట్టుకున్న అనప గింజలు

ఇరవై ఏళ్లుగా డాక్యుమెంటరీలు తీస్తున్నాను. మగ్గాల మీద, పాటగాళ్ల మీద, దవాఖానల మీద తీశాను. అయినా నాకు ప్రశ్న అడగడం నేర్పింది మాత్రం చేవెళ్ల బస్సులో ఒక అవ్వ.

ఆ రోజు, పొలాలు అమ్ముకున్న రైతులతో తీసిన ఇంటర్వ్యూలు ఫోన్‌లో చూసుకుంటున్నాను. పక్క సీటు అవ్వ కూడా తొంగి చూసింది. అజీజ్‌నగర్‌లో ఒక ఫామ్‌హౌస్‌లో తోటపని చేస్తుందట. ఆ జాగ ఒకప్పుడు వాళ్లదేనట.

"అందరు ఏడుస్తున్నరేంది బిడ్డా?"

"భూమి పోతే ఎట్ల అనిపించిందని అడిగిన అవ్వా."

"గట్ల అడిగితే ఎవరైనా ఏడుస్తరు. పొద్దుగాల లేచి ఏం చేస్తున్నరని అడగకపోతివి."

కొంగున కట్టిన ముడి విప్పి అనప గింజలు చూపించింది. ఫామ్‌హౌస్ గోడ వెనక, ఓనరు సారు చూడని చోట నాటుతుందట. "పోయినసారి మస్తు కాసినయి" అని నవ్వి, నాలుగు గింజలు నా చేతిలో పెట్టి, మొయినాబాద్ దాటాక దిగిపోయింది.

ఆ ఇంటర్వ్యూలన్నీ మళ్లీ తీశాను. ఇప్పుడు ఎవరి ముందు కెమెరా పెట్టినా మొదట అవ్వ ప్రశ్నే అడుగుతాను. ఏడుపొస్తే తర్వాత ఏడుస్తారు. ముందు మాత్రం లేచి, తోటలోకో మగ్గం దగ్గరికో తీసుకెళ్లి చూపిస్తారు. అంతా ఆ అవ్వ చలవే.