చుట్టని పటం

నా డాక్యుమెంటరీలు చూసి ‘మీరు చరిత్రను కాపాడుతున్నారండీ’ అని ఎవరైనా మెచ్చుకుంటే నాకు ఒళ్లు మండుతుంది. ఏన్కూరు దాటాక అడవి అంచున ఉన్న ఒక కోయగూడెం గుర్తుకొస్తుంది.

అక్కడ ఒక పెద్దాయన పొడవాటి గుడ్డ మీది బొమ్మలు చూపిస్తూ వాళ్ల వంశ కథ పాడేవాడు. ఇలవేల్పు కొలుపులో ఆ పటం విప్పితే చివరి బొమ్మ దాకా పాడాల్సిందే. మధ్యలో చుట్టేస్తే పూర్వీకులు దారిలో నిలిచిపోతారని వాళ్ల భయం. రెండువేల సంవత్సరం దాటిన కొత్తల్లో, ఒక ఛానెల్ కోసం, ఆ పాట మొత్తం షూట్ చేశాను. నేను క్యాసెట్ మార్చుకునేంతసేపూ ఆయన పాట ఆపి, ఉత్త డోలు వాయిస్తూ ఉండేవాడు. నాకు ఆయనంటే ప్రాణం.

కొన్నేళ్లకు ఆయన తమ్ముడు సత్తుపల్లిలో మా ఇంటికొచ్చాడు.

“అన్న పోయిండు బిడ్డా. నాకు పాట సగమే వస్తది. కొలుపు దగ్గరికొచ్చింది. మిగిలింది నీ క్యాసెట్లల్ల ఉన్నది గద, ఇయ్యి. ఇని నేర్చుకుంట.”

క్యాసెట్లన్నీ ఛానెల్ దగ్గరే ఉండిపోయాయి. వాళ్లకు ఫోన్ చేశాను. వాటి మీద వేరే ప్రోగ్రాం రికార్డు చేశారట. నోటికొచ్చినట్టు తిట్టాను. ఏం లాభం? టీవీలో వచ్చిన నా డాక్యుమెంటరీ సీడీ ఒక్కటే మిగిలింది. అది సంపాదించేసరికి కొలుపు రోజు రానే వచ్చింది. నేను గూడెం చేరేటప్పటికే, నా మీద భరోసాతో పటం విప్పేశారు. తమ్ముడు తనకొచ్చినంత పాడి, ఆగి, నా వైపు చూశాడు.

పటం ముందే టీవీ పెట్టారు. పెద్దాయన గొంతు వినపడగానే ఆడవాళ్లు ఏడ్చారు. తమ్ముడు గొంతు కలపబోయాడు. అంతలో పాట సన్నబడి, దాని మీద హైదరాబాద్‌లో ఎవరో చెప్పిన వ్యాఖ్యానం మొదలైంది. ఈ కళ అంతరించిపోతోందని ఆయన గంభీరంగా బాధపడుతున్నాడు.

తమ్ముడు టీవీకి చెవి ఆనించాడు.

“ఆయన్ని జెర ఊకోమను బిడ్డా. ఎనక అన్న పాడుతుండు.”

ఆ గొంతు తీసేయడం కుదరదని చెప్పాను. తమ్ముడు నమ్మలేదు. మళ్లీ మొదటి నుంచి పెట్టించాడు. మళ్లీ అక్కడే ఆ గొంతు. నాకు ఏడుపు ఆగలేదు.

సాయంత్రం బస్సుకు నేను లేచేటప్పటికి పటం వెదురు కర్రకు అలాగే వేలాడుతోంది. దాన్ని చుట్టడానికి ఎవరికీ చెయ్యి రాలేదు.