సరిహద్దు రాయి దగ్గర జ్ఞానస్నానం

ఆ రోజుల్లో మాంటెనెగ్రో రాజధాని త్సేతిన్యేలో నాలుగు వేల మంది జనం, ఎనిమిది మంది విదేశీ రాయబారులు ఉండేవారు. అంటే అయిదు వందల మంది గొర్రెల కాపరులకు ఒక సామ్రాజ్యం చొప్పున వంతు వచ్చిందన్నమాట. ఇంత భాగ్యం పారిస్‌కు కూడా లేదని బండి తోలే బ్లాగోటా గర్వంగా చెప్పుకునేవాడు.

రాయబారులను కొండ కింద కోటోర్ రేవు నుంచి పైకి తెచ్చేది, కోపం వచ్చినప్పుడు మళ్లీ కిందికి దించేది అతనే. కోటోర్ ఆస్ట్రియా వాళ్లది, కొండ మనది. ఈ రెంటికీ మధ్య పాము మెలికల్లాంటి దారి. ఆ సంవత్సరం ఏ రాజ్యం మనకు స్నేహితుడో తెలుసుకోవడానికి బ్లాగోటాకు పత్రిక అక్కర్లేదు. టోపీ పెట్టెలు ఎక్కువగా ఎక్కితే ఇటలీతో పొత్తు కుదిరినట్టు. తమ దిండ్లు తామే తెచ్చుకుని దారి పొడుగునా తాము వేసిన రోడ్డు బాగుందని తమను తామే మెచ్చుకునేవాళ్లు ఎక్కితే ఆస్ట్రియాతో సయోధ్య. బరువుకు గుర్రాలకు చెమటలు పట్టాయంటే రష్యా వాళ్లు, వాళ్ల వెనకే గోధుమ బస్తాలు. బండి కింద పెట్టెలో అతను మూడు దుప్పట్లు ఉంచేవాడు. గాలి ఎటు తిరిగితే అటు వాళ్లకు మంచి దుప్పటి, మిగతా ఇద్దరికీ గుర్రపు వాసన వేసేవి.

ఇలా ఇరవై ఏళ్లు గాలి వాసన చూసి చూసి మనిషికి స్థిమితం లేకుండా పోయింది. భోజనానికి కూర్చున్నా బల్ల కింద అతని కుడికాలు బ్రేకు కోసం వెతుకుతూ ఉండేది. నిద్రలో కూడా మలుపులు తిరిగేవాడు. ఇరవయ్యో మలుపు దగ్గర తనను మంచం మీంచి తోసేస్తాడని భార్య యాగ్లికా చెప్పేది. కొంత కల్పించి చెప్పి ఉంటుంది, ఎంత కల్పించిందో తెలియదు.

అయితే అతని అశాంతికి అసలు కారణం వేరే ఉంది. యాగ్లికాకు పుట్టిన ఇద్దరు బిడ్డలూ జ్ఞానస్నానం కాకముందే పోయారు. పేరు లేని పసికందులకు స్మశానంలో చోటు ఉండదు. గోడ అవతల పూడ్చారు. 1908 ఆగస్టు చివర మూడోవాడు పుట్టాడు. సన్నగా, పిల్లి కూతలాంటి ఏడుపుతో. ఆ వారమంతా బ్లాగోటా బండి కట్టలేదు. ఉయ్యాల చుట్టూ తిరుగుతూనే ఉన్నాడు.

బిడ్డలు నిలవని ఇళ్లకు ఆ కొండల్లో ఒక ఆచారం ఉంది. బిడ్డను జ్ఞానస్నానంలో చేతుల్లోకి తీసుకుని పేరు పెట్టేవాణ్ణి కూమ్ అంటారు; ఆ తర్వాత అతనూ బిడ్డ తండ్రీ ఒకరినొకరు అలాగే పిలుచుకుంటారు. మామూలుగా కూమ్‌ను పెద్దలు కూర్చుని ఎంచుతారు. బిడ్డలు పోయిన ఇంట్లో మాత్రం ఎంపిక దేవుడికి వదిలేస్తారు. తెల్లవారగానే తండ్రి బిడ్డతో నాలుగు దారుల కూడలిలో నిలబడాలి. మొదట వచ్చినవాడే కూమ్. అతను కాదనకూడదు, వీళ్లు మార్చకూడదు. మారిస్తే ఏమవుతుందో ఎవరూ నోటితో చెప్పరు.

బ్లాగోటా నిలబడ్డాడు. పొగమంచులోంచి గిట్టల చప్పుడు వినిపించింది. "సుంకం గుమాస్తా మాత్రం కాకూడదు దేవుడా" అని లోపల అనుకున్నాడు. కంచర గాడిద మీద ఒక మనిషి వచ్చాడు. భుజాన తోలు సంచి, దాని మీద రెండు తలల డేగ ముద్ర. ఆస్ట్రియా రాయబారి ఉత్తరాలు మోసే ష్పీరో.

"ఏంటి బ్లాగోటా, బిడ్డని ఎక్కడికైనా పార్శిల్ పంపుతున్నావా?" అన్నాడు.

"దేవుడి పేరు మీద, సెయింట్ జాన్ పేరు మీద అడుగుతున్నా. వీడికి కూమ్‌గా ఉంటావా?"

ష్పీరో గాడిద దిగాడు. టోపీ తీశాడు. అతను కోటోర్ పక్క మనిషి. మన భాషే, మన గుడే, జీతం మాత్రం వియన్నాది. బిడ్డ ముఖంలోకి వంగి చూశాడు.

"ఉంటాను కూమా. నేను తెచ్చే సంచిలో ఎప్పుడూ మంచి వార్త ఉండేది కాదు. ఇవాళ ఒకటి దొరికింది."

అక్టోబరు చివర వచ్చే సెయింట్ లూకా పండుగ రోజుకు ముహూర్తం పెట్టుకున్నారు. అప్పటికి తల్లి కూడా లేచి తిరుగుతుంది. ఇంకా ఏడు వారాలు.

అయిదో వారంలో ఆస్ట్రియా మన పక్కనే ఉన్న, మన భాషే మాట్లాడే బోస్నియాను మింగేసింది. కాగితం మీద ఒక్క సంతకంతో. త్సేతిన్యే అంతా వీధిలోకి వచ్చింది. నిన్నటిదాకా ఆస్ట్రియా గుమాస్తాకు వంగి నమస్కారం పెట్టిన రొట్టెల కొట్టువాడు ఇవాళ వాళ్ల వీధిలోంచి నడవడం మానేశాడు. సరిహద్దు బిగిసింది. కిందికి బళ్లు లేవు, పైకి ఉప్పు లేదు. సంచి పట్టుకుని కోటోర్ వెళ్లిన ష్పీరోను మళ్లీ పైకి రానివ్వలేదు.

బ్లాగోటా పెదనాన్న మాషాన్ వంశానికి పెద్ద. డెబ్బై ఏళ్లు, మీసాలు చెవుల దాకా, నడుముకు పిస్తోలు. గడప దాటుతూనే మొదలుపెట్టాడు.

"ఒరేయ్, కూమ్‌ను మార్చు."

"దారిలో దొరికిన కూమ్ పెదనాన్నా. మార్చకూడదు."

"దారిలో దొరికాడా? దారిలో నాకు కుంటి గాడిద కూడా దొరికింది. దాన్ని నేను చుట్టం చేసుకోలేదు. రష్యా వాళ్ల ఇంట్లో వంటవాడు అర్హీప్ ఉన్నాడు. గొంతు గంటలా ఉంటుంది. చక్కెర బస్తాతో వస్తానన్నాడు. రష్యా మన తల్లి రా. తల్లిని కాదని..."

"తల్లి దగ్గర చక్కెర ఉంటే సగం ఇప్పుడే పంపమను" అంది యాగ్లికా పొయ్యి దగ్గర్నుంచి. "పేరు పెట్టేటప్పుడు మాత్రం నా బిడ్డకు దొరికినవాడే రావాలి."

"పేరు! అదే చెప్తున్నా. పేరు కూమ్ నోట్లోంచి వస్తుంది. అప్పటిదాకా తండ్రికి కూడా తెలీదు. ఆ డేగ సంచివాడు ఫ్రాన్యో అని పెట్టాడనుకో. వాళ్ల చక్రవర్తి పేరు. నా వంశంలో ఫ్రాన్యో! నేను వాణ్ణి ఏమని పిలవాలి? ఈల వేసి పిలవాలా?"

బ్లాగోటా లేచాడు, కూర్చున్నాడు, మళ్లీ లేచి తలుపు దాకా వెళ్లి వచ్చాడు.

"మారిస్తే బిడ్డ పోతాడు పెదనాన్నా."

"మార్చకపోతే వంశం రాదు. నీ ఇంటి గడప మనవాడు ఒక్కడు తొక్కడు. ఆలోచించుకో."

ఆ రాత్రి బిడ్డకు దగ్గు పట్టింది. మర్నాటికి ఎండుద్రాక్షలా ముడుచుకుపోయాడు. ఇక లూకా పండుగ దాటనివ్వకూడదని యాగ్లికా పట్టుబట్టింది.

గొర్రెల కాపరి ఒకడు కోటోర్ వైపు నుంచి ష్పీరో మాట మోసుకొచ్చాడు. లూకా పండుగ రోజు పొద్దున సరిహద్దు రాయి దాకా వస్తాను, ఆ పైన ఒక్క అడుగు వేసినా కాలుస్తామంటున్నారు, ఇక నువ్వే చూసుకో, అని.

బ్లాగోటా పాదిరి దగ్గరకు పరిగెత్తాడు. పాదిరి లాజర్ లావుపాటి మనిషి, కొండలంటే ఇష్టం లేదు.

"స్నానపు తొట్టి గుళ్లో ఉంటుంది. రాతిది. దాన్ని మూడు గుర్రాలతో లాగినా కదలదు."

"నీళ్లు కదుల్తాయి కదా పాదిరి గారూ. మా పాల రాగి బిందె పెద్దది. దేవుడికి రాయి కావాలో రాగి కావాలో మీరే చెప్పండి."

పాదిరి గడ్డం గోక్కున్నాడు. "దుప్పటి ఉందా?"

"మంచిది ఉంది. ఇప్పుడు దాన్ని అడిగేవాళ్లు ఎవరూ లేరు."

లూకా పండుగ నాడు బండి కదిలింది. లోపల పాదిరి, యాగ్లికా, దుప్పటి మడతల్లో బిడ్డ, పాల బిందె. వెనక వంశంలోని పదకొండు మంది మగవాళ్లు తుపాకులతో నడిచారు. ముందు మాషాన్. తాను జ్ఞానస్నానానికి రాలేదని, తన వంశపువాడు ఆస్ట్రియా నేల మీద అడుగు పెట్టకుండా కాపలాకు వచ్చానని ఆయన అందరికీ రెండు రెండు సార్లు చెప్పాడు.

కొండ శిఖరం మీద బురా గాలి వీస్తోంది. వెనక కొండల మీంచి సముద్రం వైపు తోసే చలిగాలి అది. ఆ రోజు ఎంత బలంగా వీచిందంటే మాషాన్ మీసాలు రెండూ ఒకే బుగ్గ మీదకు వచ్చాయట. రాయికి అవతల నలుపు పసుపు చారల కాపలా గది, నలుగురు సిపాయిలు, సార్జెంట్ కుబాత్. అతను చెక్ దేశస్థుడు. వాళ్లు కూడా మనలాంటి చిన్న జాతే, కాకపోతే ఆ డేగ ఎప్పుడో మింగేసింది. ష్పీరో పండుగ బట్టల్లో, వణుకుతూ, చేతిలో కొవ్వొత్తితో నిలబడి ఉన్నాడు.

"రాయి దాటకూడదు" అన్నాడు కుబాత్. "నాకు ఉత్తర్వు ఉంది."

"మేమూ దాటనివ్వం" అన్నాడు మాషాన్. ఆ ఒక్క విషయంలో రెండు రాజ్యాలకూ ఏకాభిప్రాయం కుదిరింది.

పాల బిందెను రాయి పక్కనే పెట్టారు, సగం అటు, సగం ఇటు. యాగ్లికా బిడ్డను చేతులు చాచి ష్పీరోకు అందించింది. పాదిరి పుస్తకం తెరిచాడు. తెరిచి ఆగిపోయాడు. అప్పటిదాకా ఆ సంగతి ఎవరికీ తట్టలేదు.

మా ఆచారంలో కూమ్ మొదట పడమరకు తిరగాలి. సైతానును వదిలేస్తున్నానని మూడుసార్లు అని, ఆ దిక్కుకు ఉమ్మాలి. తర్వాత తూర్పుకు తిరిగి దేవుడికి వంగి నమస్కరించాలి. గుళ్లో అయితే పడమర అంటే తలుపు. ఇక్కడ పడమర అంటే కాపలా గది, నలుగురు సిపాయిలు, వాళ్ల వెనక సామ్రాజ్యం మొత్తం.

పాదిరి గొంతు తగ్గించాడు. "ఇది వదిలేసి ముందుకెళ్దామా?"

"వదిలేస్తే స్నానం చెల్లుతుందా?" అన్నాడు బ్లాగోటా.

"చెల్లదు."

ష్పీరో బిడ్డ వైపు చూశాడు. బిడ్డ దగ్గాడు. ష్పీరో పడమరకు తిరిగాడు.

"సైతానును, వాడి పనులన్నిటినీ, వాడి సైన్యాన్నంతటినీ వదిలేస్తున్నావా?"

"వదిలేస్తున్నాను" అని ఉమ్మాడు. బురా గాలి దాన్ని ఎత్తుకుపోయింది. ఒక సిపాయి తుపాకీ భుజాన్నుంచి దించాడు.

"వదిలేస్తున్నాను." రెండోది చారల గదికి తగిలింది. ఇటు పదకొండు తుపాకుల గొళ్లేలు ఒకేసారి టక్కుమన్నాయి. బ్లాగోటా రెండు వరసల మధ్యకు వచ్చి నిలబడ్డాడు. చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియక టోపీని పిండుతున్నాడు.

"వదిలేస్తున్నాను." మూడోది గాలిలో చక్కగా తేలుతూ వెళ్లి సార్జెంట్ కుబాత్ బూటు మీద దిగింది.

కుబాత్ బూటు వైపు చూసుకున్నాడు. జేబురుమాలు తీశాడు.

"మా ఊళ్లో పాదిరి కూడా ఇదే అడుగుతాడు" అన్నాడు నెమ్మదిగా. "కాకపోతే మాకు ఉమ్మే పని లేదు. కానివ్వండి, బిడ్డకి చలి."

ష్పీరో తూర్పుకు తిరిగి వంగాడు. మాషాన్ పొంగిపోయాడు. "చూశార్రా? ఆస్ట్రియా మీద ఉమ్మాడు, రష్యాకి దండం పెట్టాడు. ఇదీ కూమ్ అంటే. అర్హీప్‌గాడికి ఇంత ధైర్యం ఉందా?"

"పేరు?" అన్నాడు పాదిరి, బిడ్డను నీళ్ల మీద పట్టుకుని. మాషాన్ మెడ ముందుకు చాచాడు.

"లూకా."

"లూకానా?" అన్నాడు మాషాన్, వెతికి వెతికి తప్పు దొరకనట్టు.

"ఇవాళ ఆయన పండుగ. పైగా మూడు వారాలు ఆలోచించాను తాతా. ఆ పేరుతో ఎక్కడా చక్రవర్తి లేడు."

మూడు మునకల తర్వాత ఇంకొకటి మిగిలింది. కూమ్ బిడ్డతో తొట్టి చుట్టూ మూడుసార్లు తిరగాలి. బిందె సరిహద్దు మీద ఉంది. ష్పీరో కుబాత్ వైపు చూశాడు. కుబాత్ వీపు తిప్పి, సముద్రంలో ఏదో ఓడ ఉన్నట్టు చెయ్యి అడ్డం పెట్టుకుని చూడసాగాడు. అలా ష్పీరో ఒక సామ్రాజ్యపు సరిహద్దును ఆరుసార్లు అతిక్రమించి, ఎక్కడ మొదలుపెట్టాడో అక్కడే ఆగాడు. కూమ్‌ను ఆకలితో పంపకూడదు కాబట్టి పొగబెట్టిన మాంసం, జున్ను, రాకియా అనే పళ్ల సారా సీసా రాయి మీదుగా వెళ్లాయి. సిపాయిలు కూడా తిన్నారు.

ఆ చలికాలం దాటి లూకా బతికాడు. పొత్తులు మాత్రం దాటలేదు. మార్చిలో రష్యా ఆస్ట్రియాతో రాజీ పడి, మీరూ ఈ అవమానాన్ని మింగెయ్యండి అని మనకు కబురు పెట్టింది. మాషాన్ రెండు రోజులు గడప దాటలేదు. ఏప్రిల్‌లో ఆస్ట్రియా దొర మళ్లీ కొత్త దిండ్లతో బ్లాగోటా బండి ఎక్కాడు. కానీ ఉత్తరాల సంచి తెచ్చింది వేరే మనిషి.

దొరను కోటోర్‌లో దించగానే బ్లాగోటా గుర్రాలకు నీళ్లు కూడా పెట్టకుండా రేవంతా వెతికాడు. తాళ్ల గోదాములో, తారు వాసన మధ్య, ష్పీరో మోకులు చుడుతున్నాడు.

"సంచి ఏది?"

"నవంబరులోనే తీసేసుకున్నారు. కుబాత్ మంచివాడు, బాగా గాలి వీచిందనే రాశాడు. ఆ సిపాయిల్లో ఒకడికి చదువు వచ్చు, ఇంకోలా రాశాడు."

"నవంబరు నుంచీ ఇక్కడేనా? నాకు చెప్పలేదేం?"

"చెబితే నువ్వు మొహమాటపడి వాడి మొదటి జుట్టు తీయడానికి ఇంకో కూమ్‌ను వెతుకుతావేమోనని."

బ్లాగోటా నిలబడలేక గోదాము ఈ చివర నుంచి ఆ చివరకు నడిచాడు.

"పళ్లు వచ్చాయా వాడికి?" అన్నాడు ష్పీరో.

"రెండు. మొన్న పెదనాన్న వేలు కొరికాడు."

"ఏడాది నిండగానే మొదటి జుట్టు నేనే కత్తిరించాలి. అప్పటికి మన రెండు రాజ్యాలూ ఎలా ఉంటాయో ఏమో. ఎక్కడికి రమ్మంటావు కూమా, మీ ఇంటికా, రాయి దగ్గరకా?"

"కత్తెర తెచ్చుకో" అన్నాడు బ్లాగోటా. "రాయి ఆ వారం ఎక్కడుంటుందో నేను ముందు రోజు వచ్చి చెప్తాను."