చెల్లి దాచిన ఆట

మా చెల్లి పోయాక నాలుగేళ్ల వరకూ ఆమె ఆడిన ఆట మా ఇంట్లో అలాగే ఉండింది. అరచేతిలో పట్టే ఆట పెట్టె అది. వెనక అగ్గిపెట్టెకన్నా కాస్త పెద్దదైన బిళ్ల ఒకటి దూర్చాలి. దాన్ని కాసెట్ అనేవాళ్లం. ఆట ఆ కాసెట్‌లోనే ఉంటుంది. ఎంతవరకూ ఆడామన్నది కూడా అందులోనే దాచుకోవచ్చు. అది ఎలా పోయిందో రాయాలని చాలాసార్లు అనుకున్నాను. పోయింది ఆటే కదా అంటారని రాయలేదు. అలా అనడంలో తప్పు లేదు కూడా.

చెల్లికి పదిహేనో ఏట కిడ్నీలు పాడయ్యాయి. వారానికి రెండుసార్లు డయాలసిస్. గాజువాక నుంచి ఆస్పత్రికి బస్సులో గంట, అక్కడ మంచం ఖాళీ అయ్యేదాకా ఎదురుచూడటం, తర్వాత మంచం మీద నాలుగు గంటలు. ఆ గంటలు గడవడానికని నాన్న ఈ పెట్టె కొన్నాడు. నాన్న ఆటోనగర్‌లో ఒక చిన్న వర్క్‌షాపులో ఎలక్ట్రికల్ ఫిట్టర్. మోటార్లు, కంట్రోల్ ప్యానెళ్లు బాగుచేస్తాడు. ఆట వస్తువుల సంగతి ఆయనకు తెలియదు. ఓడరేవు దగ్గరి పాత ఊళ్లో, ఓడల మీద వచ్చినవాళ్లు అమ్ముకున్న సరుకు పెట్టే దుకాణం ఒకటి ఉండేది. దాన్ని నడిపే సాయిబు గారు రేడియోలు, గడియారాలు బాగుచేసేవారు. ఆయన దగ్గరికి నన్ను కూడా తీసుకువెళ్లాడు.

"ఆస్పత్రిలో పడుకుని ఆడుకోడానికి భాయ్. పక్కోలికి సప్పుడు ఎల్లకూడదు," అన్నాడు నాన్న.

"సప్పుడు తగ్గించుకోవచ్చు. ఫైటింగులు కావాలా, నెమ్మదిది కావాలా?"

"నెమ్మదిది."

ఆయన డబ్బాలో వెతికి ఒక కాసెట్ తీశారు. "ఇది యవసాయం. దున్నాలి, నీళ్లెట్టాలి, ఆవుని మేపాలి."

నాన్న నవ్వాడు. "సబ్బవరంలో అదంతా వొగ్గీసొచ్చి ఇక్కడ స్క్రూడ్రైవరు పట్టుకున్నాను. నా కూతురికి మళ్లీ అదేనేటి?"

"ఇందులో వాన ఎగ్గొట్టదు భాయ్. పట్టుకెల్లు."

ఇంటికి వచ్చి ఆన్ చేస్తే అందులో ఎవరిదో ఆట ఉంది. ఇంగ్లీషు అక్షరాల్లో, మాకు నోరు తిరగని ఒక పేరు. పొలం నిండా పంట, కొట్టంలో ఆవులు. ఆ కాసెట్‌లో ఒక్కరి ఆటే దాచడానికి వీలుంది. కొత్తగా మొదలుపెట్టాలంటే పాతది చెరపాలి. మూడు మీటలు కలిపి నొక్కి పట్టుకుంటే చెరపమంటావా, వద్దా అని అడుగుతుందని సాయిబు గారు చెప్పి పంపారు. చెల్లి నొక్కింది. అడిగింది. చెల్లి ఆగిపోయింది.

"అన్నియ్యా, ఈలెవులో మూడేల్లు ఆడీసినారు. ఆవులు ఆరున్నాయి. సెరిపీమంతావేటి?"

"సెరపకపోతే నువ్వెక్కడ ఆడతావు? నొక్కీ."

"నువ్వు నొక్కు. పాపం నీకు తగుల్తాది."

నేనే నొక్కాను.

తర్వాత అది ఆమె పేరు అడిగింది. ఇంగ్లీషులో ఏడక్షరాలే పడతాయి. ఆమె పేరుకు ఎనిమిది కావాలి. ఆఖరిది వదిలేసి రాసుకుంది. అప్పటినుంచి మేం పూర్తి పేరుతో పిలిస్తే, "ఒకటి ఎక్కువైంది, కొయ్యండి," అనేది.

డయాలసిస్ మంచం మీద సూదులు లేని చేత్తోనే ఆడేది. అమ్మ పక్కన స్టూలు మీద కూర్చుని తొంగిచూసేది. పొలం పని అమ్మకు తెలుసు కాబట్టి ఊరుకునేది కాదు.

"ముల్లంగికి రోజూ నీలెట్టేత్తావేటే. కుళ్లిపోద్ది."

"ఇది నీ సేను కాదమ్మా. ఎట్టకపోతే ఎండిపోద్ది."

"నీకు గుక్కెడు నీలు తాగడానికి డాట్రు ఒప్పుకోడు. దానికి కడివెడు పోత్తన్నావు."

ఆ మాట అన్నాక అమ్మ మొహం పక్కకు తిప్పుకుంది. చెల్లి మాత్రం ఇంకో మడికి నీళ్లు పెట్టి, "నా వాటా దానికిచ్చీసినాను," అంది. డయాలసిస్ రోగులు రోజుకు ఎన్ని నీళ్లు తాగాలో కొలత ఉంటుంది. అది దాటితే ఊపిరి ఆడదు.

నాన్న తన కిడ్నీ ఇస్తానన్నాడు. పరీక్షలు చేసి పనికిరాదన్నారు. అమ్మకు షుగరు. నా రక్తం కలవలేదు. ఆ రోజు తిరుగు బస్సులో నాన్న రెండు చేతులూ మోకాళ్ల మీద పెట్టుకుని వాటినే చూస్తూ కూర్చున్నాడు. గాజువాకలో దిగడం కూడా నేను చెబితేనే దిగాడు.

చెల్లి పద్దెనిమిది నిండకుండా పోయింది.

పెద్దకర్మ అయ్యాక మా పెద్దమ్మలు ఆమె బట్టలు మూటకట్టి పంచిపెట్టారు. పుస్తకాలు వీధిలో పిల్లలకిచ్చారు. చనిపోయినవాళ్ల వస్తువులు ఇంట్లో ఉంచకూడదని మా వైపు పట్టింపు. ఆట పెట్టె అమ్మ తలగడ కింద ఉండటం వల్ల ఎవరి కంటా పడలేదు.

నెల తర్వాత ఒక సాయంత్రం అమ్మ పొయ్యి మీద అన్నం పెట్టి వచ్చి, పెట్టె నా చేతికిచ్చి ఆన్ చెయ్యమంది. చేశాను. ఏడక్షరాల పేరు వచ్చింది. దాని కింద ఆడిన గంటలు వచ్చాయి. ఇంకోసారి నొక్కితే గది వచ్చింది. ఆటలో ఆమె ఎప్పుడూ ఆ గదిలోనే ఆపి దాచేది. ఒక మంచం, పంట అమ్మి కొనుక్కున్న ఒక బల్ల, రెంటి మధ్య టోపీ పెట్టుకున్న చిన్న పిల్ల.

"బాణం నొక్కితే నడుత్తాది," అన్నాను.

"వద్దు. దాన్నలగే ఉండనీ."

కాసేపు చూసింది. "మరి ఆవుకి మేతెవులేత్తన్నారు?"

"మనం ఆపీసినాక అక్కడ రోజు గడవదమ్మా. ఆవుకి ఆకలెయ్యదు."

"అయితే మంచిదే," అంది.

అప్పటినుంచి దాదాపు రోజూ అదే పని. ఆన్ చెయ్యడం, అన్నం ఉడికేదాకా ట్యూబులైటు కింద ఆ గదిని చూడటం, ఏమీ నొక్కకుండా, ఏమీ దాచకుండా ఆపెయ్యడం. ఆటలో గంటలు పెరగలేదు. నాన్న ఆ పెట్టె గురించి ఎప్పుడూ ఒక్క మాట మాట్లాడలేదు. చెల్లి గురించీ మాట్లాడలేదు. నేను అప్పటికి ఒక స్కూల్లో టీచరుగా చేరాను. పుస్తకాల్లో దుఃఖం గురించి చాలా చదివాను. ఇంట్లో ఉన్నదానికి అవేవీ పనికిరాలేదు.

నాలుగో ఏడు పెట్టె మీట ఒకటి పనిచెయ్యకపోతే పాత ఊరికి వెళ్లాను. సాయిబు గారు పెట్టె బాగుచేసి, కాసెట్ చేతిలోకి తీసుకుని అటూ ఇటూ తిప్పి చూశారు.

"ఇందులో బిళ్ల సెల్లు ఉంటాది బాబూ, వాచీలో ఉన్నట్టు. ఆట దాసేది అదే. దీని ఈడు నాకు తెలీదు. నా దగ్గరికొచ్చీసరికే పాతది. ఎప్పుడో అయిపోద్ది. అయిపోతే అంతా పోద్ది."

"సెల్లు మార్చీండి."

"పాతది తీసినా పోద్ది."

ఆయనకు చెల్లి సంగతి తెలుసు. కళ్లజోడు తీసి తుడుచుకున్నారు. "ఒక దారుంది. తియ్యకముందే రెండు సన్నటి వైర్లతో ఇంకో సెల్లు పక్కన కలిపీయాలి. అది కరెంటు ఇత్తుంటాది, మనం ఇది మార్సుకోవాలి. నాను సెయ్యను బాబూ. నా సేతులు వణుకుతన్నాయి. పోతే మీ అమ్మకి ఏటి సెప్పాలి?" అతికించడానికి రేకు కాళ్లున్న కొత్త బిళ్ల సెల్లు ఒకటి ఇచ్చి పంపారు.

రాత్రి అన్నం దగ్గర చెప్పాను. అమ్మ కంచంలో చెయ్యి పెట్టి అలాగే ఉండిపోయింది. నాన్న, "నాను సేత్తాను," అన్నాడు.

చెల్లి పోయాక ఆ పెట్టె గురించి ఆయన అన్న మొదటి మాట అది. మర్నాడు వర్క్‌షాపు నుంచి పాడైపోయిన సర్క్యూట్ బోర్డులు నాలుగైదు తెచ్చాడు. వారం రోజులు వాటి మీద సెల్లు ఊడదీసి మళ్లీ అతికించడం అలవాటు చేసుకున్నాడు. సాల్డరింగ్ ఐరన్ మొన అరగదీసి సన్నం చేశాడు. ఆ వారం ఆయన మామూలుకన్నా ఎక్కువ అన్నం తిన్నాడు. "బేగి రా, సూడు, ఎంత నున్నగొచ్చిందో," అని అమ్మను పిలిచి చూపించాడు. మేం ఆయనను అలా చూసి ఏళ్లయింది.

ఇక్కడ నాన్న పని పద్ధతి చెప్పాలి. ఆయన కుర్రతనంలో ఆనందపురం వైపు ఒక మిల్లులో, మెయిన్ ఆపేసిన ప్యానెల్‌లో తోటి ఫిట్టర్ ఒకతను చెయ్యి పెట్టి, షాక్ కొట్టి దూరంగా పడ్డాడు. బతికాడు గాని రెండు వేళ్లు మళ్లీ చాపలేకపోయాడు. ఆపిన ప్యానెల్‌లో కూడా కెపాసిటర్లలో కరెంటు నిలవ ఉంటుంది. అప్పటినుంచి నాన్న దేన్ని ముట్టుకునే ముందైనా స్క్రూడ్రైవర్‌తో రెండు కొసలూ కలిపి, ఉన్న కరెంటు పోగొట్టి, అంటే డిశ్చార్జి చేసి, ఆ తర్వాతే వేలు పెట్టేవాడు. ఇంట్లో ఫ్యాను విప్పినా అంతే. పక్కవాళ్లు నవ్వితే, "నవ్వండి. నా పది ఏల్లూ నాకున్నాయి," అనేవాడు.

ఇంకొకటి కూడా ఉంది. ఆయన వైరు పట్టుకున్నప్పుడు ఎవరూ పలకరించకూడదు. "పిలిత్తే తల తిరుగుద్ది. తల తిరిగితే సెయ్యి జారుద్ది." చిన్నప్పుడు నేనూ చెల్లీ ఆయన పని ముగిసేదాకా గుమ్మం దగ్గర నోరు మూసుకుని కూర్చునేవాళ్లం.

ఆదివారం మధ్యాహ్నం, వెలుతురు కోసం వరండాలో చాప వేసుకున్నాడు. నేను ఎదురుగా కూర్చున్నాను. కాసెట్ విప్పాడు. పక్క సెల్లు వైర్లు రెండూ అతికించాడు. మీటరు పెట్టి కొలిచి, చూడమన్నట్టు నావైపు తిప్పాడు. మూడు వోల్టులు. పాత సెల్లు కాళ్లు ఒక్కొక్కటీ వేడి చేసి లేపాడు. మళ్లీ మీటరు పెట్టాడు. మూడు వోల్టులు. చెల్లి ఆట అప్పుడు ఆ రెండు వైర్లలో వచ్చే కరెంటు మీదే నిలిచి ఉంది. నాన్న మొహం నిండా చెమట. కొత్త సెల్లు తీసి పక్కన పెట్టుకున్నాడు. సెల్లు కూర్చోవలసిన చోట రెండు సాల్డర్ చుక్కలు మెరుస్తున్నాయి. అక్కడ వేలు పెట్టాలి.

ఆయన ఎడమ చెయ్యి స్క్రూడ్రైవర్ తీసుకుంది.

నేను చూశాను. అది చుక్కల మీదికి వచ్చేలోగా ఒక్క మాటకు వ్యవధి ఉంది. నాన్నా అంటే చాలు. ఆయనకు తెలిసే ఉంటుందిలే అనుకున్నానో, పలకరించకూడదన్నదే నోరు నొక్కిందో ఇప్పటికీ చెప్పలేను. స్క్రూడ్రైవర్ రెండు చుక్కలకూ తగిలింది. నిప్పురవ్వ రాలేదు. మూడు వోల్టులకు రాదు. ఆయన దాన్ని కింద పెట్టి, నిదానంగా కొత్త సెల్లు అతికించి, పక్క వైర్లు తీసేసి, కాసెట్ మూసి స్క్రూ బిగించాడు. చాలా శుభ్రంగా వచ్చింది పని.

"ఇంకో పదేల్లు బెంగ లేదు," అని నా చేతికిచ్చాడు. "ఎట్టు."

పెట్టాను. పేరు రాలేదు. గంటలు రాలేదు. కొత్త ఆట మొదలుపెడతావా అని మాత్రం ఉంది.

"ఉందా?" అన్నాడు. ఆయనకు ఇంగ్లీషు రాదు.

మళ్లీ ఆపి ఆన్ చేశాను. కాసెట్ తీసి ఊది పెట్టాను. అలా ఐదారుసార్లు చేశాను. ఆయన నా మొహమే చూస్తున్నాడు.

"లేదు నాన్నా."

"వైరు ఊడలేదు. కొలిసినాను కదా. నువ్వూ సూసినావు." చాప మీద వస్తువులన్నీ వరసగా చూశాడు. చూపు స్క్రూడ్రైవర్ దగ్గర ఆగింది.

"డిశ్చార్జి సేసీసినాను," అన్నాడు. "నానే సేసీసినాను."

అమ్మ లోపలినుంచి టీ గ్లాసులు పట్టుకుని వచ్చింది. మమ్మల్ని చూసింది. గ్లాసులు గట్టు మీద పెట్టి నా చేతిలోని పెట్టె వంగి చూసింది. ఆమెకూ చదవడం రాదు గాని, ఆ గది కాదని తెలిసింది.

"మళ్లీ రాదా?"

"రాదమ్మా."

నాన్న వైపు తిరిగింది. "నీ సెయ్యి కాల్లేదు కదా?"

నాన్న లేదని తల ఊపాడు. అమ్మ ఒక్క మాట తిట్టి ఉంటే బాగుండేదని చాలా ఏళ్ల తర్వాత నాతో అన్నాడు. నేను చూసి కూడా పలకలేదన్న సంగతి ఆయనకు అప్పుడు చెప్పలేదు. తర్వాత కూడా చెప్పలేదు.

మర్నాడు సాయంత్రం అమ్మ పొయ్యి మీద అన్నం పెట్టి, అలవాటుగా వచ్చి నా పక్కన కూర్చుంది. ఎందుకు వచ్చిందో గుర్తొచ్చినట్టు, లేవబోయి మళ్లీ కూర్చుంది. నాన్న గోడకు ఆనుకుని ఉన్నాడు. అన్నం ఉడుకుతుండగా అమ్మ అడిగింది.

"ఆ బల్ల మంచానికి ఎటేపు ఎట్టిందిరా?"

"ఎడంపక్క," అన్నాను.

"కుడిపక్కరా," అన్నాడు నాన్న. "గోడ మూలకి."

మా ఇద్దరితో కలిసి ఆయన ఆ గదిని ఒక్కసారి కూడా చూడలేదు. ఎప్పుడు చూసుకునేవాడో, మీటలు ఎలా నేర్చుకున్నాడో మేం అడగలేదు. అమ్మ ఆయన వైపు చూసి, నా వైపు చూసింది. ఎవరు చెప్పింది నిజమో తేల్చమన్నట్టు చూసింది. నేను రోజూ చూసిన గదే అది. ఎడమే అనుకున్నాను. ఆయన అంత కచ్చితంగా అన్నాక నాకు నమ్మకం పోయింది.