పుట్టువెంట్రుకలకు పోలాండ్ పాట

బగారా అన్నం కలుపుతున్న వంటల లక్ష్మవ్వ గంటె వదిలేసి కొంగుతో కళ్లు తుడుచుకున్న క్షణంలోనే నాకు అర్థమైంది, కొంప మునగబోతోందని. ఆ కన్నీళ్లు ఉల్లిపాయలవి కావు. నేను పెట్టించిన పాటవి.

కిందటి ఏడాది ఎల్లారెడ్డిలో, మా ఇంటి ముందు, మా బాబు పుట్టువెంట్రుకల నాడు జరిగిన ఘోరం ఇది. నవ్వుకోండి, నాకేం అభ్యంతరం లేదు.

మా ఆయన గల్ఫ్‌లో ఒక పోలాండ్ ఇంజనీరుకు కారు నడుపుతాడు. బాబు నా కడుపులో ఉండగా వెళ్లినవాడు, మూడో ఏడు వచ్చినా వాణ్ణి ఫోన్‌లో చూడడమే తప్ప ఎత్తుకోలేదు. ఆ ఇంజనీరు కారులో రోజూ పెట్టే వయొలిన్ పాట ఒకటి నాకు పంపాడు. "గిది ఇంటుంటే ఇంటికొచ్చినట్టే ఉంటది స్వప్నా" అన్నాడు.

అంతే, నాకు పిచ్చి పట్టింది. ఆ పాట కట్టిన పోలాండ్ సంగీత దర్శకుడి చరిత్రంతా ఫోన్‌లో అనువాదం చేసుకుని చదివాను. మొదట టీవీలో పిల్లల బొమ్మలాటలకు, తర్వాత సీరియళ్లకు, ఆపైన పెద్ద సినిమాలకు సంగీతం కట్టాడట. కామారెడ్డిలో డిగ్రీ చదివినప్పుడు కూడా ఇంత శ్రద్ధగా పుస్తకం పట్టలేదు. ఆయన పేరు పలకబోతే మాత్రం నోటినిండా మరమరాలు పోసుకున్నట్టుండేది. ఈ పాట వాళ్ల దేశపు సీరియల్ ఒకదానిలోదట. మరి ఆ సీరియల్ చూశానా? లేదు. దూరాన ఉన్నవాడెవడో ఇంటికి వస్తున్నాడని కథ నేనే అల్లుకున్నాను.

డీజే పెట్టెలు తెచ్చిన మల్లేశన్న ముందే చెప్పాడు.

"చెల్లే, గిది ఫంక్షన్ల నడ్వది. జనం ఏడుస్తరు."

"నీకు తెల్వదన్నా, గాయిన ఎంత పెద్ద మ్యూజిక్ డైరెక్టరో! వెంట్రుకలు తీసేటప్పుడు గిదే పెట్టు."

పెట్టాడు. మనిషంత ఎత్తు పెట్టెల్లోంచి వయొలిన్ మూలిగింది. మా అన్న ఒళ్లో బాబు. మొక్కు ఉందని అన్న కూడా అప్పుడే గుండు చేయించుకున్నాడు. లక్ష్మవ్వ తర్వాత అత్తమ్మ, అత్తమ్మ తర్వాత నాగిరెడ్డిపేట నుంచి వచ్చిన చుట్టాలు, వరసగా కొంగులు లేచాయి. ఇదంతా కెమెరా అతను మా ఆయన చూడాలని గల్ఫ్‌కు లైవ్ పంపుతున్నాడు.

కాసేపటికి ఫోన్ మోగింది. అటు మా ఆయన ఏడుపు.

"స్వప్నా, బాపు ఎట్ల పోయిండు?"

"యాడికి పోయిండు? మటన్ కాడ ఉప్పు చూస్తుండు!"

జరిగింది ఇది. మా ఆయన కారులో లైవ్ పెట్టి చాయ్ తేవడానికి దిగాడు. వెనక సీట్లోని ఇంజనీరు పాట విన్నాడు, గుండ్లు చూశాడు, ఏడుపులు చూశాడు. మన దగ్గర ఇంట్లో చావైతే గుండు చేయించుకుంటారని ఎప్పుడో విన్నాడట. ఇంటి పెద్దాయన ఎక్కడా కనిపించలేదు. తల్లిదండ్రులు పోతే తప్ప ఆ కంపెనీలో సెలవు దొరకదు. ఆయన ఒక్క ఫోన్‌తో సెలవు ఇప్పించి, చాయ్‌తో వచ్చిన మా ఆయనను కావలించుకుని, మీ నాన్న పోయాడన్నాడు.

"గా పాట సీరియల్ల శవయాత్రకు కట్టిందట" అన్నాడు మా ఆయన. "ఆళ్ల దేశంల ఇప్పుడు నిజం చావులకు గూడ గదే పెడ్తరట."

మటన్ దగ్గర్నుంచి వచ్చి మామయ్య ఫోన్ లాక్కున్నాడు. "అరేయ్, సెలవిచ్చిండ్రా?"

"ఇచ్చిండ్రు బాపు."

"ఇంకేంది మరి? నేను పోయిననే చెప్పు! పదిదినాలు ఇంట్లకెళ్లి బయటికి రాను. నువ్వు రా బిడ్డా."

అందరూ పగలబడి నవ్వారు. నేను నవ్వలేదు. ఎవరికీ చెప్పకండి, నా మనసులో మామయ్యను అప్పటికే పాడె ఎక్కించేశాను.

మా ఆయన మాత్రం ఒప్పుకోలేదు. "నువ్వు బతికుండంగ గా మాట నా నోట్లకెళ్లి రాదు బాపు" అన్నాడు. ఇంజనీరుకు నిజం చెప్పేశాడు. సెలవు రద్దయింది.

కాబట్టి పెద్దలందరి ఎదుట ప్రతిజ్ఞ చేస్తున్నాను. పోలాండ్ వాడిదైనా, పక్క వీధి వాడిదైనా, సీరియల్ ఆఖరిదాకా చూడకుండా ఎవరి పాటా మా వాకిట్లో మోగనివ్వను.

మర్నాడు పొద్దున బాబు గుండు తడుముకుంటూ వచ్చాడు. వెనకాలే వచ్చిన వాళ్లక్క, మా పెద్దది, అడిగింది.

"అమ్మా, డాడీ వస్తుండా?"

ఇద్దరినీ దగ్గరికి తీసుకుని చెప్పాను.

"లేదు బిడ్డా. మీ తాత మంచిగున్నడు గదా, అందుకే రాడు."