తొట్టిలోని సన్యాసిని

ఇటలీలోని విటెర్బో ఊరి సంతలో ఆలివ్‌లు అమ్మే నీవెస్‌కి డెబ్బై దాటాయి. ఎర్ర లిప్‌స్టిక్ లేనిదే గుమ్మం దిగదు. నడుం మీద చెయ్యి వేసుకునే బేరమాడుతుంది. యాభై ఏళ్ల కిందట, మధ్యయుగపు కొంటె కథలతో తీసిన ఓ బూతు సినిమాలో సన్యాసిని వేషం వేసింది. ఆ ఏడాదంతా చర్చిలో ఆమె పక్కన ఎవరూ కూర్చోలేదు. ఇప్పుడు ఆ సినిమాకి వెర్రి అభిమానులు పుట్టుకొచ్చారు. మీసాలతోనే సన్యాసినుల వేషాలు కట్టుకుని వచ్చి, ఆదివారం మధ్యాహ్నం పాత హాల్లో ఆట వేయించారు.

"వెళ్లకండి అత్తయ్యా, నలుగురిలో తలెత్తుకోలేం," అంది కోడలు లోరెదానా. "నువ్వు దించుకో తల్లీ, నాది ఎత్తే ఉంటుంది," అని నీవెస్ వెళ్లి ముందు వరుసలో కూర్చుంది. తెర మీద ఆమె స్నానపు తొట్టిలోకి దిగుతుండగా, మాంసం కొట్టు ముసలి డెచిమో వెనకనుంచి అరిచాడు: "సిగ్గు లేదుటే నీకు?" నీవెస్ లేచి అతని వైపు తిరిగింది. "ఉండేది డెచిమో. ఈ సినిమా చూసొచ్చి మా నాన్న నా చెంప పగలగొట్టినప్పుడు బోలెడు ఉండేది. మర్నాడు ఆయనే మళ్లీ టిక్కెట్టు కొన్నాడని తెలిశాక పోయింది. ఆయన పక్క సీట్లో కూర్చుంది నువ్వే కదా!" హాలు గొల్లుమంది. తెర మీద ఇరవై ఏళ్ల నీవెస్ తొట్టిలోంచి లేచింది. అందరికంటే గట్టిగా ఈల వేసింది నీవెసే.