కిలోమీటరు దారం, కిటికీ సీటు

ఈ లోకంలో నాదని చెప్పుకోదగ్గ చోటు ఒకటే ఉండేది. హిందూపురం నుంచి ధర్మవరం పోయే పొద్దుటి ప్యాసింజరులో నీడ పక్క కిటికీ సీటు. ఇంట్లో నాకంటూ కుర్చీ లేదు. టీవీకి ఎదురుగా ఉన్నది మా ఆవిడది, ఫ్యాను కింద ఉన్నది పిల్లలది. నేను పనిచేసే ధర్మవరం కలప డిపోలో ఉన్న ఒక్క కుర్చీ యజమానిది. అక్కడ నేను నిలబడి దుంగల చుట్టుకొలత తీసి, ఎన్ని ఘనపుటడుగుల చెక్క వస్తుందో నోటిలెక్కతో చెబుతాను. చదువు పదో తరగతితో ఆగింది. లెక్క మాత్రం ఆగలేదు.

ఆ సీటు నాకు ఊరికే దక్కలేదు. మా పెట్టెలో రోజూ ఎక్కేవాళ్లం ఒక కట్టుబాటు పెట్టుకున్నాం. బండి హిందూపురం వదిలాక, పెనుకొండ వచ్చేలోగా, ఎవరో ఒకరు ఒక వింత చెప్పాలి. చరిత్రలోదైనా సరే, చెట్టుచేమలదైనా సరే. నిజమై ఉండాలి, వినగానే నమ్మబుద్ధి కాకూడదు. అందరికీ తెలిసింది చెల్లదు. లేపాక్షిలో వేలాడే స్తంభం అని ఎవరైనా నోరు తెరిస్తే చాలు, "అది మా తాత కూడా చెప్పినాడు, ఇంగోటి చెప్పు" అని నాలుగు గొంతులు లేచేవి. హంపీ పడిపోయాక రాజులు పెనుకొండకు వచ్చి ఏలారన్నదీ చెల్లదు. ఆ కొండ కిటికీలోంచే కనిపిస్తుంది. ఎవరైనా నమ్మక పందెం కడితే చెప్పినవాడు దాన్ని కళ్లకు చూపించాలి. చూపించినంతకాలం కిటికీ సీటు వాడిది. చూపించలేకపోతే లేవాలి.

నేను ఏళ్ల తరబడి లేవలేదు. వేరుశనగ పువ్వు చెట్టు మీద పూసి, రాలిపోయాక దాని కింది ఊడ నేలలోకి దిగి కాయ కాస్తుందని చెబితే, కాయలు వేళ్లకే కాస్తాయని పందెం కట్టారు. చిలమత్తూరు నుంచి ఒక చెట్టు తెప్పించి, సీటు మీద మన్ను దులిపి చూపించాను. మెరుపు సూర్యుడి పైభాగం కంటే వేడిగా ఉంటుందన్నప్పుడు మాత్రం చూపించమని ఎవరూ అడగలేదు. ఆక్టోపస్‌కు మూడు గుండెలంటే, నా ఎదురుగా కూర్చునే మడకశిర ఎలక్ట్రీషియన్ నిట్టూర్చాడు. "ఉండే ఒక్క గుండెకే పొద్దునా సాయంత్రం మాత్రలు మింగుతాండా. మూడంటే దుడ్లెట్ల సాలుతాయప్పా దానికి?"

మా గుంపులో ఒకామె ధర్మవరం నేతగాళ్ల ఆడపడుచు. హిందూపురంలో మెట్టి, పుట్టింటివాళ్ల చీరల అంగడి చూసుకోవడానికి రోజూ మాతోనే వచ్చేది. నడవ పక్క సీటులో, ఒళ్లో చీరల మూట పెట్టుకుని కూర్చునేది. వచ్చేపోయే ప్రతి టీ బకెట్టూ ఆమె మోకాలికి తగిలేది. అందుకని ఆమె కళ్లు నా వింతల మీద కంటే నా సీటు మీదే ఎక్కువ ఉండేవి.

ఒకరోజు నేను, "ఒక్క పట్టుగూటిలో ఉండేది ఒకే పోగు. మంచి గూడైతే విప్పుకుంటూ పోతే కిలోమీటరు వస్తుంది" అన్నాను.

ఆమె మూట పక్కన పెట్టింది. "ఏమన్నా, పట్టు సంగతి నాకే చెప్తాండావా? పుట్టినప్పట్నుంచీ రాట్నం కాడే పెరిగినా. బొటనవేలంత గూట్లో కిలోమీటరా?"

"మీ ఇంటికొచ్చేది కండెలమ్మా. అప్పటికే చాలా గూళ్ల పోగులు కలిపి తీసేసి ఉంటారు. ఒక్క గూడు ఎప్పుడైనా విప్పి చూశావా?"

"చూడలా. నువ్వు చూసినావా?"

నేనూ చూడలేదు. చదివాను, అంతే. ఆ సంగతి నా ముఖంలోనే తెలిసిపోయింది.

"పందెం" అంది. "ఆదివారం మా అమ్మ ఇంటికి రా. ఒకటే గూడు. తెగిందంటే ఇంగ సీటు నాది."

ఒకటే గూడంటే ఏది పట్టుకుపోవాలి? హిందూపురంలో పట్టుగూళ్ల మార్కెట్టుకు వెళ్లాను. అక్కడ పసుపువీ తెల్లవీ రాసులు పోసి ఉన్నాయి. ఒక రైతు తన రాశి పక్కన చిన్న కుప్ప వేరుగా పెట్టుకున్నాడు. అందులోవన్నీ లావుపాటివే. నేను దుంగల లెక్క తెలిసినవాణ్ణి. లావు ఎక్కువైతే సరుకు ఎక్కువ. మేలైనవి ఏరి పక్కన పెట్టుకున్నాడనుకున్నాను. అందులోంచి అన్నిటికంటే పెద్దది తీసి, "ఇది ఎంత?" అన్నాను.

అతను నన్నూ గూటినీ మార్చి మార్చి చూసి నవ్వాడు. "అది ఊరికే తీసుకుపో సామీ."

మేలైనది ఊరికే ఎందుకిస్తాడని నా లెక్కకు తట్టలేదు. మంచివాడనుకున్నాను.

ఆదివారం ధర్మవరంలో వాళ్లింటి నడవలో అందరం చేరాం. మడకశిరాయన సాక్షి. వాళ్లమ్మ ఉడుకు నీళ్ల గిన్నె తెచ్చి, రాట్నం నా ముందుకు జరిపింది. గూడు నీళ్లలో మెత్తబడ్డాక చీపురు పుల్లతో తిప్పితే కొస దొరికింది. రాట్నానికి తగిలించి తిప్పాను. కంటికి ఆనని పోగు, ఎండలో పట్టి చూస్తేనే తళుక్కుమంది. పది చుట్లు కూడా తిరగకముందే గూడు నీళ్లలోంచి ఎగిరి రాట్నం దాకా వచ్చింది. పోగు తెగింది.

"తెగింది!" అని ఆమె చప్పట్లు కొట్టింది.

మళ్లీ కొస వెతికాను. ఈసారి రెండు కొసలు వచ్చాయి. ఒకటి లాగితే ఇంకోటి బిగుసుకుంది. ఇంకా లాగితే రెండూ తెగాయి.

"ఒకటే పోగంటివే?" అని వాళ్లమ్మ కత్తెరతో గూటిని చీల్చింది. లోపల ఉడికిన పురుగు ఉంది. దాని పక్కనే ఇంకొకటి ఉంది.

అందరం గూటి మీదికి వంగాం.

"ఇదేందప్పా," అన్నాడు మడకశిరాయన, "ఒకింట్లో ఇద్దరు కాపురముండారు!"

మరునాడు మార్కెట్టుకు పోయి ఆ రైతునే అడిగాను. కొన్నిసార్లు రెండు పురుగులు ఒకేచోట కూర్చుని, కలిసి ఒకే గూడు అల్లుకుంటాయట. రెండు పోగులూ చిక్కుపడి విప్పడానికి రావు. "జంటగూళ్లు సామీ. దారం తీసేకి పనికిరావు, అందుకే పక్కన పోసింటి. నువ్వు అడిగితివి, ఇస్తి."

నేను చెప్పిన వింత కంటే చెప్పనిదే పెద్ద వింత. కానీ కట్టుబాటు కట్టుబాటే. చూపిస్తానన్నది చూపించలేదు. ఆమె కిటికీకి మారింది, నేను నడవ పక్కకు వచ్చాను. టీ బకెట్టు నా మోకాలిని మొదటిరోజే కనిపెట్టింది. పెనుకొండ కొండ ఆమె తల వెనకాల ముక్కలు ముక్కలుగా కనిపించేది. నేను వింతలు చెప్పడం మానేశాను. మడకశిరాయన ఒకటి రెండు చెప్పబోయాడు గానీ లేపాక్షి దాటి పోలేకపోయాడు.

కొన్నాళ్లకు, బండి పెనుకొండ చేరబోతుండగా, ఆమె కిటికీలోంచి ముఖం తిప్పకుండానే అంది. "అన్నా, తెల్లగూడు ఒకటి తెప్పించినా. ఒంటిదే. మా అమ్మా నేనూ రాట్నానికి చుట్టినాము."

నాకు ప్రాణం లేచొచ్చింది. "ఎంత వచ్చింది?"

"చెప్పను."

"కిలోమీటరు వచ్చిందా?"

"చెప్పనంటే చెప్పను. పందెం ఆ పొద్దే అయిపాయె."

"రాట్నం ఎన్ని చుట్లు తిరిగిందో అదన్నా చెప్పు తల్లీ, మిగతా లెక్క నేను కట్టుకుంటా."

"అందుకే చెప్పేది ల్యా."

పెనుకొండ వచ్చింది. దిగేవాళ్లు దిగారు. ఆమె మూట ఎత్తుకుని లేచి నిలబడింది. "హిందూపురం నుంచి ఈడిదాకా నాది. ఈడ నుంచి ధర్మవరం దాకా నీది. ఒప్పుకుంటావా, మళ్లీ కూసోమంటావా?"

నేను ఒప్పుకున్నాననడానికి గుర్తుగా అప్పటికే కిటికీ పక్కన కూర్చుని ఉన్నాను.

మడకశిరాయన హుషారయ్యాడు. "భాగాలు పంచుకుంటిరా! సరి సరి. ఎవరి భాగం ఎక్కువో లెక్క చెప్పప్పా, నువ్వు లెక్కలోడివి గదా."

పట్టాల పక్కన కిలోమీటరు రాళ్లు ఉంటాయి. కిటికీ దగ్గర కూర్చున్న ఏళ్లలో నేను వాటిని చదవని రోజు లేదు. పెనుకొండకు ఇవతల ఎన్నో, అవతల ఎన్నో నాకు నిద్రలో అడిగినా తెలుసు.

ఆమె కూడా మూట సర్దుకుంటూ నా వైపు తిరిగింది. "ఔ, ఎవరికెక్కువ పడిందన్నా?"

కొండ మొత్తం ఒకే ముక్కగా కిటికీలోకి వచ్చింది.

"చెప్పను" అన్నాను.