మోసినవాళ్ళ పేర్లు

మొన్న సోమవారం మా లైబ్రరీ సారు పోయారు. ఆ కబురు నాకు తెచ్చింది బాలానగర్ గ్రంథాలయ కమిటీ కార్యదర్శి. మా ఆఫీసు ముందు స్కూటర్ దిగకుండానే, "మీ సారు పోయిండు. బీరువా తాళంచెవి యాడ పెట్టిండో నీకెరుకేనా?" అని అడిగాడు. పన్నెండేళ్ళు ఆ గదిలో చాకిరీ చేసిన మనిషి గురించి ఆయనకు కావలసిన సంగతి అదొక్కటే. నాకు తెలుసు. తెలియదన్నాను.

నిన్న సంతాప సభ పెట్టారు. సారు విద్యాదాత అన్నారు, జ్ఞానజ్యోతి అన్నారు. ఒకాయన పేరే తప్పు చదివాడు. విరిగిన కుర్చీకి కాలు వేయించమంటే నాలుగేళ్ళు తాత్సారం చేసినవాళ్ళు ఫొటోకి గంధపు దండ తెచ్చారు. చచ్చినవాడి కళ్ళు చారెడేసి అని ఊరికే అనలేదు పెద్దలు. జ్ఞానజ్యోతి అన్న ఆ మాట సారు విని ఉంటే, ముందు కరెంటు బిల్లు కట్టండి అనేవారు.

ఫ్యాక్టరీల మధ్య రేకుల కప్పు కింద ఉంటుంది ఆ లైబ్రరీ. సారుది కోస్తా. ఎవరినైనా 'అండీ' అనే పిలిచేవారు, తిట్టేటప్పుడు కూడా. పాత జాగీరు కచేరీ ఎత్తేసినప్పుడు దాని ఉర్దూ కాగితాలను ఎనిమిది గోనెసంచుల్లో తెచ్చి ఈ గదిలో పడేసి పోయారట. కమిటీవాళ్ళకు అవి రద్దీ, తూకానికి అమ్మే చిత్తుకాగితాలు. సారు పక్క సందులో టైలర్ చాచా దగ్గర ఉర్దూ నేర్చుకుని, వాటిని ఊరూరికీ విడదీసి, నడుమ ఎండిన వేపాకు పరిచి కట్టలు కట్టారు. కార్యదర్శి రెండుసార్లు రద్దీవాణ్ణి పిలిపించాడు. రెండుసార్లూ సారు సంచుల మీద కూర్చుని, "ముందు నన్ను తూచండి" అన్నారు.

గుమ్మం పక్కన నీళ్ళ కుండ, సబ్బుముక్క ఉండేవి. లేత్ మిషను దగ్గర నుంచి వచ్చినవాడైనా, ఇస్త్రీ చొక్కా వేసుకొచ్చినవాడైనా చేతులు కడుక్కుని చూపించాలి. "గ్రీజు కడిగితే పోతుందండీ. ఈ కాగితాన్ని కడగడానికి లేదు" అనేవారు.

తాతముత్తాతల కోసం వచ్చేవాళ్ళంటే ఆయనకు ముందే అనుమానం. వాళ్ళకు కావలసింది తాత కాదు, కిరీటం. కాస్త డబ్బు కళ్ళజూసిన కాంట్రాక్టరు ఒకాయన వచ్చి, మా ముత్తాత సంస్థానంలో సేనాపతి, ఆ కాగితం తీయమన్నాడు.

"మీ ముత్తాతగారి పేరేమిటండీ?"

"అది యాదికి లేదు."

"పేరు తెలియదు గానీ సేనాపతని తెలుసా అండీ?"

కాంట్రాక్టరు లైబ్రరీకి సీలింగు ఫ్యాను కొనిస్తానన్నాడు. మాకు చెమట అలవాటేనండీ అన్నారు సారు.

నవ్వుతూ రాస్తున్నాను గానీ నేనూ ఆ కోవవాణ్ణే. మాది ఇక్కడికి దగ్గరలోని రాయదుర్గమే. మా నాన్న చిన్నతనంలోనే మిల్లు పనికి షోలాపూర్ వెళ్ళాడు, అక్కడే పోయాడు. నేను పుట్టిందీ చదివిందీ అక్కడే. అమ్మతో తాత గుడిసెకు తిరిగొచ్చాక నాకు సర్కారు ఆఫీసులో గుమాస్తా ఉద్యోగం వచ్చింది. రావడమంటే, నెల లోపల ముల్కీ సర్టిఫికెట్ తెస్తే చేర్చుకుంటామన్నారు. ఈ గడ్డకు చెందినవాడివేనని తహసీలు కచేరీ రాసిచ్చే కాగితం అది. అప్పటికే దాని మీద ఊరంతా అట్టుడుకుతోంది, బడులు మూతపడ్డాయి. నిన్నగాక మొన్న రైలు దిగినవాళ్ళ జేబుల్లో ఆ కాగితం ఉంది, మాకు లేదు. భూమి లేదు గనక పట్వారీ పుస్తకంలో మా పేరు లేదు. తాత పోయి చాలా ఏళ్ళయింది. కచేరీ గుమాస్తా, "నోటిమాట నడ్వది, కాగితం తే" అన్నాడు.

నేను కాగితం తెచ్చాను. మా కులపురాణం చెప్పేవాళ్ళను బతిమాలి, వంశావళి రాయించి, పసుపు పూయించి, తహసీలుకు పట్టుకుపోయే ముందు సారుకు చూపించాను. సారు రెండుసార్లు చదివారు.

"చంద్రుడికీ మీ తాతగారికీ మధ్య ముగ్గురే ఉన్నారండీ. చంద్రుడిది రాయదుర్గమేనని మళ్ళీ ఇంకో కాగితం తేవాలి."

నాకు ఒళ్ళు మండింది. "మీకేమెరుక సారూ. మీరు ఇక్కడోళ్ళు కాదు గద" అన్నాను. ఆ ఏడాది ఆ మాటకు ఎంత బరువుందో తెలిసే అన్నాను.

"కాదండీ. అందుకే మీ ఊళ్ళో నేను ఏ తాతనీ పొగడక్కర్లేదు. చేతులు కడుక్కు రండి, వెతుకుదాం."

మూడు వారాలు వెతికాం. ఆయన ఉర్దూ చదివేవారు, నేను వేపాకు దులిపి కట్టలు కట్టేవాణ్ణి. ఆరో సంచిలో దొరికింది. జాగీర్దారు వేటకు వచ్చినప్పుడు డేరాలు మోయడానికి పట్టుకుపోయిన మనుషుల హాజరు పట్టీ. సారు వేలు పెట్టకుండా, పుల్లతో చూపిస్తూ చదివారు. "సాయన్న, తండ్రి ఎల్లయ్య, ఉండేది రాయదుర్గం. వెంట కొడుకు మల్లయ్య, నీళ్ళు మోయుటకు. పని, వెట్టి." పక్కన ఒక పెద్ద వేలిముద్ర, ఒక చిన్న వేలిముద్ర. చిన్నది మా నాన్నది.

ఏడవాల్సిన చోట నాకు సిగ్గేసింది. "సారూ, నకలు రాసేటప్పుడు గా వెట్టి అన్నది జర ఇడిసిపెట్టుండ్రి" అన్నాను. సారు కళ్ళజోడు తీసి నన్ను చూసిన చూపు ఇప్పటికీ గుర్తుంది. కాంట్రాక్టరును కూడా అలా చూడలేదు.

"ఆ గడి తీసేస్తే మీ తాతగారు జాగీర్దారుతో షికారుకి వెళ్ళారనుకుంటారండీ. పెద్దవాళ్ళ పేర్లు పొగడటానికి రాస్తారు. మోసినవాళ్ళ పేర్లు ఎవడూ తప్పించుకోకుండా రాస్తారు. అందుకే వాటిలో అబద్ధం ఉండదు. కావాలంటే మొత్తం తీసుకోండి, లేకపోతే చంద్రుడి దగ్గరికే వెళ్ళండి."

మొత్తం తీసుకున్నాను. తహసీలులో గుమాస్తా దాన్ని నలుగురికీ వినపడేలా చదివి, "వెట్టోళ్ళ ముల్కీ" అని నవ్వాడు. ఇంకొకడు కూడా నవ్వాడు. నవ్వుతూనే ముద్ర వేశారు. ఆ గుమాస్తాకు వాళ్ళ తాత పేరు తెలుసో లేదో నేను అడగలేదు. ఇప్పటికీ ఆ ఉద్యోగం అన్నమే తింటున్నాను.

తరవాత టైలర్ చాచా చెప్పాడు. సారుకూ దొంగ ముల్కీ ఇప్పిస్తామని ఆయన వైపువాళ్ళే వచ్చారట, అది ఉంటే ఉద్యోగం పర్మనెంటు అవుతుందని. సారు వద్దన్నారట. నిజమా అని అడిగాను. "అబద్ధపు తాతని తెచ్చుకుంటే నిజం తాత ఎటు పోవాలండీ" అన్నారు. ఆ గొడవలన్నీ చల్లారినా కమిటీ ఆయన్ను తాత్కాలికంగానే ఉంచింది. పోయిన రోజుకీ ఆయన తాత్కాలికమే.

మంగళవారం పొద్దున పాడె కట్టాక లెక్కలేనంతమంది వస్తారనుకున్నాను. ఆయన తాతల్ని వెతికిచ్చిన ఇళ్ళే బాలానగర్ నుంచి కోకాపేట దాకా ఉన్నాయి. కాంట్రాక్టరు రాలేదు. కార్యదర్శి సభకు షామియానా మాట్లాడే పనిలో ఉన్నాడు. సారు చెల్లెలి కొడుకు బస్సు దిగి నేరుగా నిప్పు పట్టుకున్నాడు. మోయడానికి నేను, టైలర్ చాచా, లేత్ పని చేసే నర్సింహ, పక్క హోటల్లో చాయ్ పోసే యాదగిరి మిగిలాం. సారు బరువేమీ లేరు.

నిన్న సభ అయ్యాక, కుండ వెనక మేకుకున్న తాళంచెవి తీసుకున్నాను. చేతులు కడుక్కునే ఎవడికైనా అది కనపడుతుంది. పన్నెండేళ్ళలో కార్యదర్శికి కనపడలేదు. బీరువాలోంచి సారు రిజిస్టరు తీసి, కొత్త పేజీలో ఆ పాత పట్టీలాగే గడులు గీశాను. పేరు, తండ్రి పేరు, ఉండేది, పని. నలుగురి పేర్లూ రాశాను. పని అన్న గడిలో, లైబ్రరీ సారును మోయుట అని రాశాను.

"ఏంది రాస్తున్నవ్, ఇటు తే" అని కార్యదర్శి చెయ్యి చాపాడు.

"చేతులు కడుక్కొని రా" అన్నాను.

ఆయన గొణుగుతూ స్కూటర్ ఎక్కాడు. యాదగిరికి రాయడం రాదు. కుండ దగ్గర సబ్బు అరిగిపోయేలా చేతులు తోముకుని, చొక్కాకు తుడుచుకుని, తన పేరు పక్కన కాస్త ఎడంగా, సిరా అద్దిన బొటనవేలు ఒత్తాడు. కాగితం కొంచెం తడిసింది. ఆరేదాకా రిజిస్టరు మూయకుండా ఇద్దరం అక్కడే కూర్చున్నాం.